ముత్తాతకి అవతల: గోదావరి డెల్టాలో ఇంటి చరిత్ర, ఊరి చరిత్ర వెతకడం ఎలా

మన వైపు ఎవరినైనా ముత్తాత పేరు అడిగితే కాస్త ఆలోచించి చెప్పేస్తారు. ఆయన తండ్రి పేరు అడిగితే మాత్రం "ఏమోనండీ, మా పెద్దనాన్నకి తెలిసుండేది" అంటారు. ఆ పెద్దనాన్న పోయి చాలా కాలమై ఉంటుంది. అక్కడితో ఆగిపోకుండా ఇంకొంచెం అవతలికి వెళ్లాలనుకునేవాళ్ల కోసం ఇది రాస్తున్నాను.

మొదలుపెట్టేవాళ్లు చాలామంది ఇంటిపేరు, గోత్రం పట్టుకుని బయల్దేరతారు. నా సలహా వేరు. ఊరు, పొలం పట్టుకోండి. తాత పేరు మనవడికి పెట్టడం మన అలవాటు. నాలుగు తరాల్లో ఇద్దరు సుబ్బారాయుళ్లు, ఇద్దరు వెంకన్నలు ఉంటారు. కాగితంలో కనపడ్డ సుబ్బారాయుడు ఎవరో పేరును బట్టి తేలదు. ఇంటిపేరు అంతకంటే మోసం చేస్తుంది. ఒకే ఇంటిపేరు మూడు నాలుగు కులాల్లో, ఇరవై ఊళ్లలో ఉంటుంది. ఇల్లరికం వచ్చినవాళ్లు, దత్తత వెళ్లినవాళ్లు ఉంటే చెప్పనక్కర్లేదు. పొలం మాత్రం ఏరు కోసేస్తే తప్ప ఉన్నచోటే ఉంటుంది. దాని మీద ఎవరెవరి పేర్లు ఎప్పుడెప్పుడు ఎక్కాయో చూసుకుంటూ పోతే మనుషులు వాళ్లంతట వాళ్లే వరసలో నిలబడతారు.

ముందు అటక దించండి

ఆఫీసుల చుట్టూ తిరగడం తర్వాత. ముందు ఇంట్లో ఉన్న ట్రంకు పెట్టె తెరవండి. దస్తావేజులు, శిస్తు రసీదులు, పాత పాసుపుస్తకాలు, ప్రోనోట్లు, జాతక చక్రాలు, శుభలేఖలు, పదో రోజు కార్డులు, పద్దు పుస్తకాలు, ఏదీ పారేయకండి. శుభలేఖలో అటూ ఇటూ తాతల పేర్లు, ఊళ్లు, కింద ఆహ్వానించే బంధువుల వరస మొత్తం ఉంటుంది. పద్దు పుస్తకంలో పెళ్లి ఖర్చు పక్కన చదివింపుల జాబితా దొరికితే ఇంకేం కావాలి? చుట్టాలంతా ఊళ్లతో సహా అక్కడే ఉంటారు.

ఫోటో ఉంటే వెనక్కి తిప్పి చూడండి. స్టూడియో ముద్రో, చేత్తో రాసిన తేదీయో ఉండొచ్చు.

అందరూ వదిలేసేది ఒకటుంది: సామాను. ఇత్తడి బిందె, గంగాళం, కంచు చెంబు, ఏదైనా సరే వెలుతుర్లోకి తెచ్చి అంచు కింద, మెడ చుట్టూ చూడండి. చుక్కలు చుక్కలుగా కొట్టిన అక్షరాలు ఉంటాయి. తోమి తోమి అరిగిపోయి ఉంటే కాస్త పొడి బియ్యప్పిండి రుద్ది పైపైన తుడవండి, పిండి గుంటల్లో నిలిచి అక్షరం తేలుతుంది. ఎవరు ఎవరికి ఇచ్చారు, ఏ ఊరు, ఒక్కోసారి తేదీ కూడా. పాత కాగితాల్లో ఆడవాళ్లు "ఫలానా వారి భార్య" అనే మాట వెనక దాక్కుంటారు. బిందె మీద మాత్రం పుట్టింటివాళ్లు కొట్టించిన పేరు ఉంటుంది. నానమ్మ వాళ్ల అమ్మ పేరు మరెక్కడా దొరక్కపోయినా అక్కడ దొరికే అవకాశం ఉంది.

కాగితాలకి రెండు జాగ్రత్తలు. లామినేషన్ వద్దు, సెల్లోటేపు అసలు వద్దు. లామినేషన్ చేస్తే మళ్లీ ఊడదీయలేం, లోపలి తేమ లోపలే ఉండి కాగితం నల్లబడుతుంది. మన గాలిలో తేమ ఎంతో తెలిసిందే కదా. పగటి వెలుతుర్లో, ఫ్లాష్ లేకుండా, రెండు వైపులా ఫోన్‌తో ఫోటో తీసి, కాగితాన్ని ఉతికిన నూలు గుడ్డలో చుట్టి చెదలు రాని పెట్టెలో పెట్టండి. తాళపత్రాలుంటే నూనెలు రాసే ప్రయోగాలు సొంతంగా చేయకండి.

అడగాల్సింది మేనత్తల్ని

మగవాళ్లకి పొలం గట్లు గుర్తుంటాయి, చుట్టరికాలు ఆడవాళ్లకి గుర్తుంటాయి. ఎవరి పెళ్లిలో ఎవరు అలిగారో చెప్పే మేనత్త ఒక్కరుంటే సగం వంశవృక్షం అయినట్టే. మధ్యాహ్నం భోజనాలయ్యాక, టీవీ సీరియల్ లేని వేళ చూసుకుని కూర్చోండి. ఫోన్ రికార్డింగ్ పెడుతున్నానని చెప్పి పెట్టండి.

"నువ్వెప్పుడు పుట్టావు మామ్మా?" అంటే జవాబు రాదు. స్కూల్లో వేసిన తేదీ నమ్మడానికి లేదు. అయ్యవారు తనకి తోచింది వేసేసేవారు, ఒక్కో క్లాసులో సగం మంది జూన్ ఒకటినో జులై ఒకటినో పుట్టినట్టు ఉంటుంది. అందుకని "యాభై మూడు వరదకి నువ్వు పావడాలు కట్టేదానివా, ఓణీలు వేసేదానివా?" అని అడగండి. జ్ఞాపకం గబగబా వస్తుంది. మన ప్రాంతానికి ఇలాంటి మైలురాళ్లు బోలెడున్నాయి: 1953 ఆగస్టు వరద, 1977 నవంబరు ఉప్పెన, 1986 ఆగస్టు వరద, 1996 నవంబరులో కోనసీమ కొబ్బరిని నేలమట్టం చేసిన తుపాను. పుష్కరాలు సరేసరి: 1979, 1991, 2003, 2015.

ఇంకో ప్రశ్న తప్పకుండా వేయండి: పెళ్లి ఎక్కడ జరిగింది? అటూ ఇటూ ఎవరికీ సంబంధం లేకపోయినా "యానాంలో" అని జవాబు వస్తే చెవులు నిక్కించండి. 1929లో శారదా చట్టం వచ్చి, 1930 నుంచి పద్నాలుగేళ్లు నిండని ఆడపిల్లకి పెళ్లి చేస్తే నేరమైంది. యానాం అప్పట్లో ఫ్రెంచివాళ్లది, ఆ చట్టం అక్కడ వర్తించదు. చుట్టుపక్కల ఊళ్లవాళ్లు పిల్లల్ని తీసుకుని అక్కడికి పోయి పెళ్లిళ్లు చేసేవారు. కాబట్టి ఆ ఒక్క ఊరి పేరుతో పెళ్లి దాదాపు ఏ కాలంలో జరిగిందో, పెళ్లికూతురు ఎంత చిన్నదై ఉంటుందో ఒక అంచనా వస్తుంది.

తద్దినాలు పెట్టే ఇళ్లయితే తర్పణంలో చెప్పే పేర్లు రాసుకోండి. తండ్రి, తాత, ముత్తాత, వాళ్ల భార్యలు, మళ్లీ తల్లి వైపు మూడు తరాలు. ఇంట్లో మర్చిపోయినా పురోహితుడి పుస్తకంలో ఉండొచ్చు. కొన్ని కులాలకి వంశావళి చెప్పే భట్రాజులు, వంశరాజులు ఉండేవారు, ఇంకా వచ్చేవాళ్లుంటే రికార్డు చేసుకోండి. వాళ్లు చెప్పేదాంట్లో దగ్గరి తరాలు చాలావరకు నిజమై ఉంటాయి. పైకి పోయేకొద్దీ ఎవరో ఒక రాజు తగులుతాడు. అక్కడ పెన్ను పక్కన పెట్టి కథ వినండి, బాగుంటుంది.

సంవత్సరాలు మార్చుకోవడం

పాత కాగితంలో ఇంగ్లీషు తేదీ ఉండకపోవచ్చు. మూడు లెక్కలు వస్తే చాలు.

తెలుగు సంవత్సరం పేరు అరవై ఏళ్లకోసారి తిరిగి వస్తుంది. ప్రభవ 1867, 1927, 1987 ఉగాదుల్లో మొదలైంది. అక్కడి నుంచి వరస లెక్కపెట్టుకోండి. నందన అంటే 1892-93 కావచ్చు, 1832-33 కూడా కావచ్చు. ఏ చుట్టులోదో మిగతా ఆధారాలను బట్టి తేల్చాలి. "నందన కరువులో మావాళ్లు ఊరొదిలి వచ్చారు" అనే కథ ఇంట్లో ఉంటే అది 1832-33 నాటి కరువు. "ధాత కరువు" అంటే 1876-77.

శక సంవత్సరానికి 78 కలిపితే క్రీస్తు శకం. పుష్యం నుంచి ఫాల్గుణం దాకా అయితే మన క్యాలెండరులో సంవత్సరం మారిపోయి ఉంటుంది, అప్పుడు 79.

రెవెన్యూ కాగితాల్లో ఫసలీ, అంటే శిస్తు లెక్కల సంవత్సరం ఉంటుంది. దానికి 590 కలపండి. ఫసలీ 1330 అంటే 1920 జులై నుంచి 1921 జూన్ వరకు. అంకెలు తెలుగులో ఉంటే (౧, ౨, ౩) ముందే ఒక చీటీ రాసి దగ్గర పెట్టుకోండి. ముఖ్యంగా ౧, ౦ తికమక పెడతాయి.

ఒక దస్తావేజు నుంచి ఎంత పిండొచ్చు

నిజమైన పని ఇక్కడుంది. చాలామంది దస్తావేజులో పొలం ఎంత, ఎంతకి కొన్నారు అని చూసి మడిచి పెట్టేస్తారు. ఒక మామూలు క్రయ దస్తావేజు ఇలా మొదలవుతుంది అనుకోండి: "నరసాపురం తాలూకా ఫలానా గ్రామ కాపురస్తులు, కీర్తిశేషులైన వెంకన్న గారి కుమారుడు, వ్యవసాయం, సుమారు నలభై ఐదేళ్ల వయస్సు గల సుబ్బారాయుడు గారికి..."

ఈ ఒక్క వాక్యంలో సుబ్బారాయుడు ఉజ్జాయింపుగా ఎప్పుడు పుట్టాడో తెలిసింది, ఆ తేదీకి వెంకన్న బతికి లేడని తెలిసింది. ఇంకా కిందికి రండి. అమ్మేవాళ్లలో మైనర్లుంటే గార్డియను పేరు ఉంటుంది. అది తల్లి అయితే మీకు దొరకని ఒక ఆడమనిషి పేరు దొరికింది. పొలం ఎలా వచ్చిందో రాస్తారు. "పిత్రార్జితం" అని ఉంటే ఇంకో తరం వెనక్కి వెతకొచ్చు. "ఫలానా నెంబరు దస్తావేజు మూలంగా" అని ఉంటే ఆ నెంబరే తర్వాతి మెట్టు.

తర్వాత హద్దులు. తూర్పు ఫలానా వారి పొలం, దక్షిణం పంట బోదె, పడమర ఫలానా... ఈ పక్క పొలాలవాళ్లని తేలిగ్గా తీసుకోకండి. అన్నదమ్ములు పంచుకున్న చెక్కలు పక్కపక్కనే ఉంటాయి కాబట్టి హద్దుల్లో కనపడేవాడు చాలాసార్లు ముత్తాత తమ్ముడో, పెదతండ్రి కొడుకో అయి ఉంటాడు. చివర్లో సాక్షులు, దస్తూరి (కాగితం రాసినవాడి పేరు). సాక్షి సంతకాలకి బావమరిదినో మేనల్లుడినో పిలవడం మామూలే. "వ్రాలు" అని ఉంటే సంతకం చేయగలిగినవాడు, "నిశాని" అంటే వేలిముద్ర వేసినవాడు. ఇంట్లో మొదట చదువుకున్నది ఎవరో ఇలా కూడా పట్టుకోవచ్చు. స్టాంపు కాగితం వెనక ఎవరు కొన్నారు, ఎవరి కొడుకు, ఏ ఊరు అని రాసి ఉంటుంది, అదీ చూడండి.

అన్నిటిలోకి విలువైనది భాగపరిష్కార దస్తావేజు, అదే పంపకాల కాగితం. ఉమ్మడి కుటుంబంలో వాటాదారులంతా అందులో ఒక్కచోట ఉంటారు. దాని తర్వాత పసుపు కుంకుమల కింద కూతురికి రాసిచ్చిన కాగితాలు. కూతురు, తండ్రి, అల్లుడు, మెట్టినూరు అన్నీ అందులో ఉంటాయి.

పాత రాత గొలుసుకట్టులో ఉంటే భయపడకండి. అక్షరం మీంచి చెయ్యి ఎత్తకుండా రాసిన ఆ రాత మొదట్లో అర్థం కాదు. రిజిస్ట్రారు ఆఫీసు ఎదురుగా కూర్చునే వయసు మళ్లిన దస్తావేజు లేఖరుల్లో చదవగలిగినవాళ్లు ఉంటారు. ఒక పేజీ వాళ్లతో చదివించుకుని, అదే చేతిరాతలో రెండో పేజీ మీరు చదవడానికి ప్రయత్నించండి.

ఒక హెచ్చరిక. బంధువుల ఇంటికెళ్లి "పాత దస్తావేజులు చూపించండి" అంటే వాళ్ల మొహంలో రంగు మారుతుంది. ఆస్తి తగాదాకి వచ్చారనే టెన్షన్ పుడుతుంది, అది సహజం కూడా. కాగితం చేతికివ్వమని అడగొద్దు. పేర్లున్న పేజీ వాళ్లనే ఫోటో తీసి పంపమనండి. అందరూ గౌరవించే ఓ పెద్దమ్మని వెంట తీసుకెళ్తే సగం పని ఆవిడే చేస్తుంది.

ఆఫీసుకి వెళ్లే ముందు జిల్లా సరిచూసుకోండి

ఒకే ఊరు రెండు వందల ఏళ్లలో ఎన్ని జిల్లాలు మారిందో తెలియకపోతే ఉన్న రికార్డు కూడా దొరకదు. 1859లో పాత రాజమండ్రి జిల్లాని సర్ది గోదావరి జిల్లా చేశారు. 1904లో ఏలూరు, తణుకు, భీమవరం, నరసాపురం తాలూకాలని కృష్ణా జిల్లాలో కలిపారు, కోనసీమ వైపున్న నగరం దీవిని మాత్రం గోదావరిలోనే ఉంచారు. 1925లో పశ్చిమ గోదావరి పుట్టింది. అంటే 1910 నాటి భీమవరం కాగితం మీద "కృష్ణా జిల్లా" అని ఉంటే అది పొరపాటు కాదు. 1985లో తాలూకాలు పోయి మండలాలు వచ్చాయి. 2022లో కోనసీమ, కాకినాడ, ఏలూరు వేరు జిల్లాలయ్యాయి. మీ ఊరికి ఈ వరస ఒక కాగితం మీద రాసుకుని జేబులో పెట్టుకోండి.

రిజిస్ట్రారు ఆఫీసులో ఆన్‌లైన్ ఈసీ, అంటే ఆ ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీల పట్టిక, 1980ల నుంచే వస్తుంది. అంతకు ముందువి చేత్తో రాసిన ఇండెక్సుల్లో వెతికించుకోవాలి. స్థిరాస్తి దస్తావేజులు ఎక్కే ఒకటో పుస్తకాన్నీ దాని ఇండెక్సునీ ఫీజు కట్టి ఎవరైనా చూడొచ్చు, నకలు తీసుకోవచ్చు, ఆ హక్కు రిజిస్ట్రేషన్ చట్టంలోనే ఉంది. వీలునామా అయితే రాసినాయన పోయాక ఎవరైనా నకలు అడగొచ్చు. వెళ్లేటప్పుడు ఊరు, సర్వే నంబరు, ఉజ్జాయింపు సంవత్సరం, తండ్రి పేరుతో సహా మనిషి పేరు, ఈ నాలుగూ లేకుండా వెళ్లొద్దు. ఊరికే "మా తాతగారి కాగితాలు" అంటే ఏ గుమాస్తా లేవడు.

రెవెన్యూ వైపు మీకు కావాల్సింది ఏటా ఏ పొలం ఎవరి సాగులో ఉందో రాసే అడంగల్ కంటే పాతది: ఆర్‌ఎస్‌ఆర్ అని పిలిచే సెటిల్‌మెంటు రిజిస్టరు. కొన్ని చోట్ల డైగ్లాట్ అంటారు. సర్వే నంబరు వారీగా విస్తీర్ణం, పల్లమా మెరకా, శిస్తు, పట్టాదారు పేరు ఉంటాయి. జమీందారీ ఊళ్లయితే 1948 చట్టంతో ఎస్టేట్లు రద్దయ్యాక చేసిన సెటిల్‌మెంటు ఫెయిర్ అడంగల్ అడగండి. తహసీల్దారు ఆఫీసులో లేకపోతే కలెక్టరేట్ రికార్డు రూము. మాటలతో తేలకపోతే సమాచార హక్కు కింద దరఖాస్తు పెట్టండి, 30 రోజుల్లో ఏదో ఒక జవాబు ఇవ్వాలి.

వీటన్నిటికంటే వెనక్కి తీసుకెళ్లేది ఇనాం రిజిస్టరు. 1858లో ఏర్పడిన ఇనాం కమిషన్ ఊరూరా మాన్యాలన్నీ, అంటే ఇనాంగా ఇచ్చిన భూములన్నీ విచారించి రాయించింది. మాన్యం ఎవరిచ్చారు, మొదట పుచ్చుకున్నదెవరు, ఇప్పుడు అనుభవిస్తున్నవాళ్లు ఎవరు, వాళ్లకీ మొదటివాడికీ చుట్టరికం ఏమిటి అని గళ్లు గీసి నింపారు. అర్చకులు, కరణాలే కాదు, ఊరి పనులు చేసే మంగలి, చాకలి, వడ్రంగి మాన్యాలు, దర్గా మాన్యాలు, దేవాలయ నర్తకుల మాన్యాలు కూడా అందులో ఎక్కాయి. ఒక్కో ఇంటికి అదృష్టం బాగుంటే ఇది పద్దెనిమిదో శతాబ్దం దాకా దారి చూపిస్తుంది.

కరణాల ఇళ్లు మర్చిపోవద్దు. 1984లో కరణాల, మునసబుల వ్యవస్థ రద్దయినప్పుడు లెక్కలు అప్పగించినా సొంత నకళ్లు ఇళ్లలో మిగిలిపోయాయి. వాళ్ల మనవలు హైదరాబాదులోనో అమెరికాలోనో ఉండి, ఊళ్లో ఇల్లు అమ్మేసే లోపే అడగాలి.

అన్నిటికంటే తొందర పడాల్సింది సర్వే నంబరు విషయంలో. పొలాలన్నీ కొత్తగా కొలిచే రీసర్వే జరిగిన ఊళ్లలో పాత సర్వే నంబర్ల బదులు ఎల్‌పీఎం (ల్యాండ్ పార్సెల్ మ్యాప్) నంబర్లు వచ్చాయి. ఏ కొత్త నంబరు ఏ పాత నంబరులోంచి వచ్చిందో ఇప్పుడే రాసి పెట్టుకోండి. మీ పిల్లలకి ఆ లంకె తెగిపోతే నూట యాభై ఏళ్ల కాగితాలు చేతిలో ఉన్నా పొలం ఏదో గుర్తుపట్టలేరు.

జనాభా లెక్కల్లో తాతల పేర్లు చూస్తామని మాత్రం వెళ్లకండి. ఇంటింటి వివరాలు చట్ట ప్రకారం ఎవరికీ చూపించరు. చెన్నై ఎగ్మూరులోని తమిళనాడు ఆర్కైవ్స్‌లో మద్రాసు కాలం నాటి రికార్డులున్నాయి గానీ వాటిలో మన వైపువి ఎక్కువగా కలెక్టర్ల ఉత్తర ప్రత్యుత్తరాలు. కాలవ తవ్వకం, ఊరి శిస్తు, కరువు, ఉప్పెన లాంటి సంగతులకి అవి బంగారం. మీ వంశానికి అక్కడ పెద్దగా ఏమీ దొరకదు.

పొలం లేనివాళ్ల చరిత్ర

ఇంతవరకూ చెప్పింది భూమి ఉన్నవాళ్లకి. డెల్టాలో పంట పండించినవాళ్లలో ఎక్కువమందికి సెంటు భూమి లేదు. వాళ్ల పేర్లు దస్తావేజుల్లో కనపడవు. కనపడితే వేరేవాళ్ల పద్దు పుస్తకంలో పాలేరు జీతం కింద కనపడతాయి. ఇక్కడ దారి వేరు.

క్రైస్తవ కుటుంబాలైతే చర్చి రిజిస్టర్లు చూడండి: బాప్తిస్మం, పెళ్లి, సమాధి. బౌడెన్, బీర్ అనే మిషనరీ కుటుంబాలు 1836లో నరసాపురం వైపు వచ్చి మొదలుపెట్టినదే గోదావరి డెల్టా మిషన్. రాజమండ్రి వైపు లూథరన్లు, కాకినాడ వైపు కెనడా బాప్టిస్టులు. మీ ఊరి చర్చి మొదట ఏ మిషన్‌దో తెలిస్తే పాత రిజిస్టర్లు ఏ కేంద్రానికి చేరాయో ఆరా తీయొచ్చు. బాప్తిస్మంతో పేరు మారి ఉంటుంది, పాత పేరు పక్కనే రాశారేమో జాగ్రత్తగా చూడండి.

పాత ఎలిమెంటరీ స్కూలు అడ్మిషన్ రిజిస్టరు రెండో ఆధారం. తండ్రి పేరు, కులం, తండ్రి పని ఉంటాయి. పుట్టిన తేదీ మాత్రం ముందే చెప్పినట్టు నమ్మకండి. జనన మరణ రిజిస్టర్లలో పిల్ల పేరు లేకుండా "మగ శిశువు", "ఆడ శిశువు" అని ఉండడం మామూలే, కాబట్టి తండ్రి పేరుతో వెతకండి.

మూడోది వలస. "మా తాత రంగం పోయాడు" అని ఎన్ని ఇళ్లలో వినలేదు? రంగూన్ బియ్యం మిల్లులకీ రేవుకీ మన తీరం నుంచి మనుషులు ఓడలెక్కి పోయేవారు. 1942లో జపాన్ వాళ్లు బర్మా మీదికి వచ్చినప్పుడు ఎంతోమంది అడవుల్లో నడుచుకుంటూ తిరిగొచ్చారు, దారిలో పోయినవాళ్లు పోయారు. ఇంట్లో ఆ నడక కథ ఉంటే ఒక తేదీ దొరికినట్టే. అంతకు ముందు మారిషస్, దక్షిణాఫ్రికా నాటాల్ తోటలకి ఒప్పందం మీద వెళ్లిన కూలీల వివరాలు అక్కడి రిజిస్టర్లలో ఉన్నాయి. నాటాల్ ఓడల జాబితాల్లో తండ్రి పేరు, వయసు, కులం, జిల్లా, ఊరు రాశారు. ఊరి పేరు ఇంగ్లీషు గుమాస్తా చెవికి ఎలా వినపడితే అలా ఉంటుంది. పైకి చదివి వినండి, అప్పుడు తడుతుంది.

యానాం కుటుంబాలది వేరే అదృష్టం. 1954 దాకా ఫ్రెంచి పాలన కాబట్టి జనన, వివాహ, మరణ రిజిస్టర్లు వాళ్ల పద్ధతిలో రాశారు, రెండో ప్రతులు ఫ్రాన్సుకి వెళ్లేవి. అవి ఎక్స్-ఆన్-ప్రొవాన్స్‌లోని విదేశీ భూభాగాల ఆర్కైవ్స్‌లో ఉంటాయి.

గుడి గోడ దగ్గర

ఇంటి చరిత్ర ఆగిపోయిన చోట ఊరి చరిత్ర మొదలవుతుంది. ద్రాక్షారామం భీమేశ్వరాలయంలో స్తంభాల మీద, గోడల మీద వందల శాసనాలున్నాయి. బిక్కవోలు, సామర్లకోట, పాలకొల్లు గుళ్లలోనూ చూడొచ్చు. రాజుల బిరుదుల వరకే చదివి తిరిగి రావద్దు. ఆ తర్వాత వచ్చేదే అసలు సంగతి. ఎవరో అఖండ దీపానికి పశువుల్నో మేకల్నో దానం చేస్తారు. వాటిని ఒక బోయకి, అంటే కాపరికి అప్పగిస్తారు. అతను, తర్వాత కొడుకులు, మనవలు రోజూ మానెడు నెయ్యి పోయాలి. ఆ బోయ పేరు రాయి మీద ఉంటుంది. వెయ్యేళ్ల కిందటి పశువుల కాపరి పేరు చదువుతున్నామంటే ఏ జమీందారు వంశవృక్షమూ దాని ముందు నిలవదు, నా దృష్టిలో.

శాసనం చదవాలంటే ఎండ నడినెత్తిన ఉన్నప్పుడు వెళ్లకండి. సాయంత్రం, లేదా టార్చి లైటు రాతికి పక్క నుంచి ఏటవాలుగా వేసి, కోణం మారుస్తూ నాలుగైదు ఫోటోలు తీయండి. నీడ పడ్డ అక్షరం లేచి నిలబడుతుంది. సున్నం, సుద్ద, పసుపు, నూనె ఏదీ రాయొద్దు. భక్తితో వేసిన సున్నం పొరల కింద ఎన్నో శాసనాలు పూడిపోయాయి. ద్రాక్షారామం శాసనాల పాఠాలు చాలావరకు దక్షిణ భారత శాసన సంపుటాల్లో నాలుగోదానిలో అచ్చయ్యాయి, ఫోటో పక్కన పెట్టుకుని చదివితే లిపి త్వరగా అలవాటవుతుంది. రాజరాజనరేంద్రుడి కాలపు 1053 నాటి నందంపూడి శాసనం రచించింది నన్నయే. ఆ నందంపూడి మన కోనసీమలోనే, అంబాజీపేట పక్కన ఉంది. ఇలాంటి శాసనంలో దానమిచ్చిన ఊరి పొలిమేరలు చెప్తారు. ఆ చెరువులు, పక్క ఊళ్ల పేర్లలో ఇప్పటికీ మిగిలినవేవో గ్రామ పటం ముందేసుకుని చూడండి.

రాజమండ్రిలో రాళ్లబండి సుబ్బారావు పేరున్న మ్యూజియం, గౌతమీ గ్రంథాలయం ఒకే రోజు పెట్టుకోవచ్చు. ధవళేశ్వరంలో కాటన్ మ్యూజియం కూడా చూడండి. 1852లో ఆనకట్ట పూర్తయ్యాక కాలవలు ఎలా పాకాయో చూస్తే, మెట్ట నుంచి మీవాళ్లు పల్లానికి ఎందుకు దిగివచ్చారో కొంత అర్థమవుతుంది.

దిబ్బల దగ్గర చేతులు కట్టుకోండి

డెల్టా నేల కొత్తది. నది తెచ్చి పోసిన ఒండ్రు, సముద్రం వెనక్కి జరిగిన కొద్దీ వదిలిన ఇసుక మెరకలు. అందుకని పాత ఊళ్లు మెరక మీదే ఉంటాయి. చుట్టూ పల్లం ఉండి మధ్యలో ఎత్తుగా, పెంకులతో నిండిన బూడిద రంగు మన్నున్న చోటుని పాటి దిబ్బ అంటారు. ఆ మన్ను ఎరువుగా పొలాలకి తోలుకుపోవడం వల్ల చాలా దిబ్బలు చదునైపోయాయి. వైనతేయ ఒడ్డున ఆదుర్రులో బౌద్ధ స్తూపం ఉంది. ఏలూరు దగ్గర పెదవేగి, దెందులూరు వేంగి రాజుల నాటివి. ముందు ఇవి చూసి కన్ను అలవాటు చేసుకుంటే మీ ఊరి దిబ్బలో తేడా తెలుస్తుంది: మూరెడు పొడవు ఇటుకలు, ఎరుపు నలుపు కుండ పెంకులు, మట్టి ఒరలు పేర్చిన బావులు.

ఇప్పుడు ఇలాంటివి ఎక్కువగా బయటపడేది చేపల చెరువులు తవ్వే పొక్లెయిన్ బకెట్లో. కనపడితే తీయకండి. పక్కన పెన్ను పెట్టి కొలత తెలిసేలా ఫోటో, ఎంత లోతులో ఉందో ఫోటో, ఫోన్లో లొకేషన్, అంతే. పెంకు చేతిలోకి వచ్చిన క్షణం నుంచి అది ఏ పొరలోదో ఎవరూ చెప్పలేరు. తహసీల్దారుకీ పురావస్తు శాఖకీ కాగితం మీద తెలియజేసి రసీదు తీసుకోండి. భూమిలో పది రూపాయలకి మించిన విలువైనది దొరికితే కలెక్టరుకి చెప్పాలని 1878 నాటి నిధి నిక్షేపాల చట్టం, రక్షిత స్థలంలో తవ్వకూడదని 1958 చట్టం చెప్తున్నాయి. నూరేళ్లు దాటిన వస్తువుల మీద 1972 చట్టం ఉంది. మెటల్ డిటెక్టరు పట్టుకుని లంకల్లో తిరిగే గుప్తనిధుల బ్యాచ్‌తో స్నేహం అసలు వద్దు.

రాసుకునే తీరు

ప్రతి మనిషికీ ఒక పేజీ. పేరు కింద తండ్రి పేరు, ఊరు, ఉజ్జాయింపు సంవత్సరం లేకుండా ఏ పేరూ ఎక్కించకండి. ప్రతి వివరం పక్కన అది ఎక్కడ దొరికిందో రాయండి: మేనత్త చెప్పింది, 1926 దస్తావేజు, బిందె. కాగితమూ మాటా తేడా వస్తే రెండూ ఉంచండి, ఏదీ కొట్టేయొద్దు. ఇద్దరు సుబ్బారాయుళ్లు ఒకరేనని అనిపిస్తే పొలం సర్వే నంబరు, హద్దులు, తమ్ముడి పేరు, వీటిలో రెండు కలిసేదాకా పెన్సిల్ గీతే గీయండి. ఇల్లరికం, దత్తత, రెండో పెళ్లి, కులాంతరం ఏది బయటపడ్డా ఉన్నది ఉన్నట్టు రాసుకోండి. బతికున్నవాళ్లని నొప్పించేది ఉంటే మీ ప్రతిలో ఉంచి, అందరికీ ఇచ్చేదాంట్లో ఆపండి.

కొంత తయారయ్యాక ఫైలు వాట్సాప్‌లో పెట్టి ఊరుకుంటే "సూపర్" అని నాలుగు బొటనవేళ్లు వస్తాయి, సమాచారం రాదు. పెద్ద అక్షరాల్లో, నాలుగు వైపులా ఖాళీ వదిలి ప్రింటు తీయించి, వచ్చే పెళ్లిలో విడిదింట్లో పెద్దవాళ్లు కూర్చునే చోట రెండు కాపీలు పెట్టండి. మనవాళ్లు అడిగితే చెప్పరు గానీ తప్పు కనపడితే ఆగలేరు. "ఇదేంటి, మా నాన్న పేరు ఇక్కడేశారు?" అని ఎవరో ఒకరు మొదలుపెడతారు. పక్కన రెండు పెన్నులు కూడా ఉంచండి.